రెండో సంచి

నవంబరు 14. పొద్దుటి నుంచి మంచు. లారీల కాటా మీద పేరుకున్నదంతా ఊడ్చాను.

డంపింగ్ యార్డుకు కొత్త నిబంధన వచ్చి నెలయింది. పనివాళ్లు తప్ప ఎవరూ లోపలికి పోకూడదు. సాయంత్రం ఐదింటికల్లా ఆనాటి చెత్తను మట్టితో కప్పాలి. నేను గేటు పుస్తకంలో ‘లోపల మనుషులు: సున్నా’ అని రాస్తేనే బుల్డోజరు కదులుతుంది.

నిన్న నాలుగింటికి బురుల్ అక్క వచ్చింది. ఇరవై ఏళ్లుగా చెత్తలోంచి రొట్టెలు ఏరి, పశువులున్న వాళ్ల కోసం సంచుల్లో నింపి కంచెకు తగిలించేది ఆమే.

“బిష్కెక్ సిటీ లారీలో సంచులకొద్దీ రొట్టె వచ్చిందటగా. నేల మీద పెడితేనే తప్పంటామే, పాతిపెడతార్రా?”

“రూలక్కా. నువ్వు కనబడితే నా ఉద్యోగం పోతుంది.”

“అయితే చూడకు. సాయంత్రమైతే నీకు చూపు ఎటూ ఆనదుగా!” అని నవ్వుతూ లోపలికి వెళ్లింది.

నేను చూడలేదు. ఐదింటికి సున్నా రాశాను.

ఈ ఉదయం ఆమె కూతురు, అమ్మ రాత్రి ఇంటికి రాలేదని ఏడుస్తూ వచ్చింది. తనిఖీ అధికారి నా పుస్తకం తిరగేసి, “లోపల ఎవరూ లేరమ్మా. తవ్వడమెందుకు?” అన్నాడు. నేను పక్కనే నిలబడి ఉన్నాను.

కంచెకు ఒక సంచి వేలాడుతోంది, నిండా రొట్టెలతో. బురుల్ అక్క ఎప్పుడూ రెండు నింపేది.

ఐదయింది. డ్రైవరు హారను కొడుతున్నాడు.

లోపల మనుషులు: