పొయ్యిలో పడ్డ ముఖం

హేగ్ పట్నంలో చేపలమ్మి యాకోబా ఇంటికి వచ్చేసరికి, ఆ కుర్రాడు మళ్ళీ పిల్ల మంచం పక్కనే కూర్చుని ఉన్నాడు.

ఒళ్ళు మండిపోయింది ఆమెకు.

మొదట రానిచ్చిందీ తనే. మొగుడు క్రైన్ హెరింగ్ చేపల వేటకు పడవెక్కిన మర్నాడే ఈ కుర్రాడు వచ్చాడు. పేరు ఫ్లోరిస్ అన్నాడు. హేగ్‌లో ఒక చిత్రకారుడి దగ్గర పని నేర్చుకుంటున్నానన్నాడు.

తమ ఊరు స్కెవెనింగెన్ ఒడ్డున అలాంటివాళ్ళకు కొదవేముంది? ఎండలు రాగానే గొడుగులు పాతుకుని పడవలకు ఎదురుగా దిగిపోతారు. వీడు మాత్రం ఇంట్లో కూర్చుంటానన్నాడు. ఓ మూల గీసుకుంటాను, నీళ్ళు మోసి పెడతాను అన్నాడు. మగదిక్కు లేని ఇల్లు, నీళ్ళు మోసేవాడు దొరికాడు కదా అని ఊరుకుంది.

ఆరేళ్ళ నెల్‌కు దగ్గు. చలికాలంలో పట్టుకున్నది, ఎండలొచ్చినా వదల్లేదు. పడవలు తిరిగొచ్చేసరికి పిల్ల లేచి గంతులేస్తుందని యాకోబా అందరికీ చెప్పేది. అడగనివాళ్ళకు కూడా చెప్పేది.

నెల్‌కు ఫ్లోరిస్ అంటే ప్రాణం. మంచం పక్కన కూర్చుని తన గోడు అంతా దానికే వెళ్ళబోసుకునేవాడు. వాళ్ళ నాన్న తాళ్ళు పేనే మనిషట. కొడుకు పని మానేసి బొగ్గుతో గోడలు పాడుచేస్తుంటే చితకబాదేవాడట. తన్నీ తన్నీ విసిగిపోయి హేగ్‌లో వదిలేస్తే, అక్కడి గురువు రెండేళ్ళపాటు సుద్దతో చేసిన తలకాయలే గీయించాడట. ముక్కులు విరిగిన పాతకాలపు దేవుళ్ళ తలలు. ప్రాణమున్న ముఖం ఒక్కటి సరిగ్గా గీసుకురా, అప్పుడు రంగులు ముట్టుకుందువుగాని, లేకపోతే పోయి తాళ్ళు పేనుకో అన్నాడట.

"నేనేనా నీ మొదటి ముఖం?" అంది నెల్ మురిసిపోతూ.

"నువ్వే. సుద్ద దేవుళ్ళు నీలా మెసలరు."

ఒక కాయితం మీద నెల్ ముసలమ్మలా వచ్చేది. ఇంకోదాని మీద పిల్లిలా వచ్చేది. ఇద్దరూ పడీ పడీ నవ్వుకునేవారు. నవ్వితే పిల్లకు దగ్గు తెర వచ్చేది.

పక్కింటి ముసలి దిర్కె ఇదంతా చూసి చూసి, ఒకనాడు యాకోబాను గుమ్మం దగ్గర ఆపింది.

"మన ఊళ్ళో పిల్లల బొమ్మ గీయించేది ఎప్పుడే? ఊపిరి పోయాక, పెట్టెలో పెట్టే ముందు. బతికున్నదాన్ని గీస్తున్నాడంటే వాడు దేనికోసం కాచుకున్నట్టు?"

ఆ మాట యాకోబాకు కునుకు పట్టనివ్వలేదు. ఆ మర్నాడే ఇలా చేపలమ్మి వచ్చి, ఫ్లోరిస్ ఒళ్ళోని కాయితం చూసింది.

ఈసారి ముసలమ్మా కాదు, పిల్లీ కాదు. నెల్. చెమటకు నుదుట అంటుకున్న జుట్టు, నవ్వబోయి ఆగిన పెదవి, కళ్ళ కింద నీడ. ఆ నీడ అంత నల్లగా ఉందని యాకోబా అప్పటిదాకా గమనించనే లేదు.

"ఎవరు పంపారు నిన్ను? ఊళ్ళో ఇంతమంది పిల్లలుండగా నా పిల్లే దొరికిందా?"

ఫ్లోరిస్ నోరు తెరిచాడు. నెల్ వంక చూసి మూసుకున్నాడు.

"నేర్చుకోవడానికమ్మా" అన్నాడు.

"నా బిడ్డ చావు మీదా నీ చదువు?"

కాయితం లాక్కుని పొయ్యిలో పడేసింది. పాతవి కూడా ఏరి పడేసింది. వద్దమ్మా వద్దమ్మా అని పిల్ల ఏడుస్తూనే ఉంది. ఫ్లోరిస్ అడ్డుపడలేదు. అవి కాలిపోయేదాకా నిలబడి, టోపీ తీసుకుని బయటికి నడిచాడు.

పీనుగ కోసం కాచుకున్న కాకి అని యాకోబా వీధి చివరిదాకా తిట్టింది. అతను మళ్ళీ ఆ ఒడ్డున కనపడలేదు.

బంగాళాదుంపలు తవ్వే రోజుల్లో నెల్ పోయింది.

కొన్ని వారాలకు యాకోబాకు ఇంకో దిగులు పట్టుకుంది. పిల్ల గొంతు వినిపిస్తోంది, దగ్గు వినిపిస్తోంది, ముఖం మాత్రం చెదిరిపోతోంది. కళ్ళు మూసుకుని ఎంత వెతుక్కున్నా నిలవడం లేదు. సిగ్గు చంపుకుని హేగ్ వెళ్ళి, వాకబు చేసి ఆ గురువు గుమ్మం తొక్కింది. గుర్తున్నంతవరకు మళ్ళీ ఒక్కసారి గీసిపెట్టమని ఆ అబ్బాయికి చెప్పండి బాబూ అని బతిమాలింది.

"ఆలస్యంగా వచ్చావమ్మా" అన్నాడాయన. "ప్రాణమున్న ముఖం తెస్తానని వెళ్ళి ఒట్టి చేతులతో తిరిగొచ్చాడు. ఎందుకని అడిగితే పెదవి విప్పలేదు. ఇక నీకు బొమ్మలు రావు, పొమ్మన్నాను. తండ్రి దగ్గరికి పోలేక పటాలంలో చేరాడు. వాడెక్కిన ఓడ సముద్రాలవతల జావా దీవికి వెళ్ళిపోయింది."

హెరింగ్ పడవలు తిరిగొచ్చాయి. నల్లబట్టల్లో ఒంటరిగా నిలబడ్డ పెళ్ళాన్ని చూశాడు క్రైన్. పిల్ల ఏదని అడగలేదు. ఎలా చెప్పాలా అని ఆమె దారి పొడవునా కూడగట్టుకున్న మాటలేవీ అక్కరకు రాలేదు. ఇద్దరూ ఇంటికి నడిచారు.

లోపలికి వచ్చి అతను నాలుగు గోడలూ చూశాడు.

"బొమ్మ ఎక్కడ పెట్టావు?"

"ఏ బొమ్మ?" అంది యాకోబా.

క్రైన్ బల్ల మీద కూలబడి చెప్పుకొచ్చాడు. తను తిరిగొచ్చేసరికి పిల్ల ఉండదని వైద్యుడు ముందే అతని చెవిన వేశాడట. వేటకు పోకపోతే చలికాలం పస్తులే. ఒడ్డున పడవలు గీసుకుంటున్న కుర్రాణ్ణి పట్టుకుని, ఊపిరుండగానే దాని ముఖం గీసి ఇంట్లో ఇచ్చి వెళ్ళమని కాళ్ళావేళ్ళా పడ్డాడట.

"నాకొక్క మాట చెప్పి ఉంటే..." అంది యాకోబా.

"నీకు తెలిస్తే, నీ ముఖం చూసి పిల్లకూ తెలిసిపోతుందని, ఏం జరిగినా నీకు చెప్పొద్దని వాడి చేత ఒట్టు వేయించుకున్నాను" అన్నాడు క్రైన్, ఇంకా గోడల వంకే చూస్తూ.