రాగితీగ సిపాయిలు

“నా ఫౌజును ఎవడు ముట్టిండు?”

డ్యూటీ నుంచి వస్తూనే ఖుర్రం గదిలో అందరినీ నిలదీశాడు.

గల్ఫ్‌లోని గుదైబియాలో అది ఎనిమిది మంది గది. కిటికీ పక్క బల్ల మీద అట్టలతో కట్టిన గోల్కొండ కోట, రాగితీగకు గుడ్డ చుట్టి చేసిన నలభై మంది సిపాయిలు. ఫోటో స్టూడియోలో పనిచేసే ఖుర్రం, సేటు పాత సినిమా కెమెరా అడిగి తెచ్చుకున్నాడు. బొమ్మను గోరంత జరిపి ఒక ఫోటో, మళ్లీ గోరంత జరిపి ఇంకోటి. అన్నీ కలిపి ఆడిస్తే యుద్ధం జరగాలి. ఏడాదిగా వాడికి ఇదే పిచ్చి.

ఇప్పుడు ఒక సిపాయి మోకాలు వంగి ఉంది. ఫౌజు సర్దారు బొమ్మ నడుము పక్కకు తిరిగి ఉంది.

“పగలు గదిల ఉండేది లచ్చన్న ఒక్కడే గదా,” అన్నాడు గది పెద్ద మహబూబ్ పాషా.

లచ్చన్నది బిల్డింగు పని, రాత్రి డ్యూటీ. ఖుర్రం లేచిన మంచంలోనే పగలు పడుకుంటాడు. మంచం ఒకటే, దిండు ఒకటే. ఇద్దరూ నాలుగు మాటలు మాట్లాడుకున్నది మాత్రం లేదు.

మర్నాడు పొద్దున ఖుర్రం ఆయన్ను తలుపు దగ్గరే ఆపాడు.

“బొమ్మలు ముట్టినవా కాకా?”

“ముట్టిన బిడ్డా. కత్తి ఎత్తినోడు గట్ల నిలవడడు. బరువు ఎనక కాలు మీద పడాలె.”

“సిమెంటు మోసేటోనివి, నీకేం ఎరుక?”

లచ్చన్న చెప్పులు విడిచి మంచం ఎక్కాడు.

ఇంకో మూడుసార్లు అదే జరిగింది. సరిచేసే ఓపిక లేక ఖుర్రం అలాగే ఫోటోలు తీసేశాడు. చివరికి పాషాకు తెగేసి చెప్పాడు.

“ఆయనన్న ఉండాలె, నేనన్న ఉండాలె.”

పాషా లచ్చన్నను కంపెనీ క్యాంపుకు పంపించాడు. ఆగస్టు నెల, రేకుల గది. పగలు కునుకు పట్టే చోటు కాదది. పన్నెండో రోజు డ్యూటీలో కళ్లు మూతలుపడి, మూడో అంతస్తు నుంచి పడి చచ్చిపోయాడు.

విలాయత్‌లో కడిగిన రీలు నెల తర్వాత వచ్చింది. గోడకు దుప్పటి కట్టి అందరూ చూశారు.

సిపాయిలు కట్టెల్లా నడిచారు. ఎవడో నవ్వాడు.

అంతలో సర్దారు వచ్చాడు. వెనక కాలి మీద బరువు వేసి, ఊపిరి పీల్చుకున్నట్టు ఆగి, కత్తి ఎత్తాడు. గదిలో నవ్వు ఆగిపోయింది. లచ్చన్న జరిపిన బొమ్మలను ఖుర్రం సరిచేయకుండా ఫోటోలు తీసిన రోజులవి.

“నా నోట్ల మన్నువడ,” అంటూ ఖుర్రం ఏడ్చేశాడు. “భాయ్, కాకా ఊర్ల ఏం పని చేసేటోడు?”

చావు కబురు ఇంటికి ఫోన్లో చెప్పింది పాషాయే.

“తాతల కాడి సంది బొమ్మలాటోళ్లంట. ఊర్లకు టీవీలొచ్చినంక ఆట చూసేటోళ్లు లేక, బొమ్మలన్నీ అమ్మి ఆ పైసలతోనే ఈడికి వీసా తీసుకున్నడని ఆయన పెండ్లాం దుర్గవ్వ చెప్పింది.”