మూడో ముక్క

ఫిబ్రవరి తొమ్మిదో తేదీ రాత్రి ఆ ఇంట్లో తిన్నది రొట్టె, ఉడకబెట్టిన గుడ్లు, అడుగంటిన క్యాబేజీ కూర. వండింది అన్న. మాడిందన్నది తమ్ముడు. "అమ్మ ఎప్పుడైనా ఇలా వండిందా?" అని అతను అడిగేసరికి ఇద్దరూ కంచాలు వదిలి లేచారు. తమ్ముడు తను ఉండే పైవాటాకి వెళ్ళి మెట్ల తలుపుకి అటునుంచి గడియ పెట్టాడు. అన్న ఇటునుంచి పెట్టాడు. ఎండాకాలం వచ్చి వెళ్ళిపోయినా ఆ రెండు గడియలూ కదల్లేదు. తండ్రి మాత్రం బయటి మెట్లెక్కి మధ్యాహ్నం పైన, రాత్రి కింద తింటూ, ఎవరి వంటనీ పొగడకుండా నెట్టుకొస్తున్నాడు.

ఒక ఆదివారం సాయంత్రం అన్న కంప్యూటర్ ముందు తల పట్టుకుని కూర్చున్నాడు.

"ఏరా పెద్దోడా, తెరుచుకుందా?" అన్నాడు తండ్రి.

"లేదు నాన్నా. ఇది జిప్ ఫైల్లో ఒకటో భాగమేనట. రెండోది కూడా పెడితేగానీ విప్పనంటోంది."

"ఫైలు విప్పే సైటు ఇంకోటి చూడకపోయావా?"

"ఇది మూడోది. అన్నీ కూడబలుక్కున్నట్టు ఒకటే మాట."

ఆ ఫైల్లో ఉన్నది అమ్మ గొంతు. ఎప్పటిదో పాత క్యాసెట్టు బీరువాలో దొరికితే, తండ్రి దాన్ని రికార్డింగ్ కొట్టుకి పట్టుకెళ్ళి ఫైలుగా చేయించాడు. అమ్మ ముఖానికైతే గోడ మీద ఫోటో ఉంది. గొంతు మాత్రం ఈమధ్య సరిగ్గా గుర్తు రావడం లేదు. ఆ సంగతి అన్న ఎవరికీ చెప్పలేదు.

"రెండో ముక్క ఎవరికి పంపారు?"

తండ్రి కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "ఇంకెవరికి? బరువెక్కువైంది, ఒకేసారి పోదన్నాడు కొట్టతను. పార్సిల్ కౌంటర్లో పనిచేసి రిటైరైనవాణ్ణి, నాకది కొత్తా? బరువు మించితే మూట విడగొట్టమన్నాను."

"విడగొడితే విడగొట్టారు, అన్నీ నాకే పంపొచ్చుగా?"

"వాడికీ అమ్మే కదరా."

అన్న లేచి, మెట్లెక్కి, తన వైపు గడియ తీసి తలుపు తట్టాడు.

"ఎవరు?"

"నేనే."

"నేనంటే?"

"కింద ఉండే కళ్ళద్దాల కొట్టువాణ్ణి."

"ఆదివారం తాళాలు తీయను," అంది తాళాలు బాగుచేసే తమ్ముడి గొంతు.

"తాళం కాదు, గడియ. నువ్వు పెట్టుకున్నదే."

తలుపు తెరుచుకుంది. తమ్ముడి చేతిలో ఫోను వెలుగుతోంది. అందులోనూ అదే సైటు.

"నీ దగ్గరున్నది ఒకటోదా?" అన్నాడు తమ్ముడు.

"ఆఁ. ఊళ్ళో తాళాలన్నీ తీస్తావు, ఇది తీయలేకపోయావా?"

"ఊరందరికీ చూపు సరిచేస్తావు, నెత్తి మీద తమ్ముడున్నాడని నీకు కనపడిందా?"

కింద తండ్రి గట్టిగా దగ్గాడు. ఇద్దరూ దిగి వచ్చారు. కంప్యూటర్ ముందు ఒకటే కుర్చీ. చెరో సగం కూర్చున్నారు. రెండు ముక్కలూ సైట్లోకి ఎక్కించారు. పచ్చగీత మెల్లగా పాకింది. గీత చివరిదాకా వెళ్ళి ఆగింది.

'మూడో భాగం దొరకలేదు.'

ఇద్దరూ ఒకేసారి తండ్రి వైపు తిరిగారు.

"నన్ను చూస్తారేంట్రా? జిప్పంటే నాకు తెలిసింది ప్యాంటుది ఒక్కటే. అదీ సరిగ్గా పడి చావదు."

"కొట్టతను పొరపాటున ఇంకెవరికైనా పంపేశాడేమో," అన్నాడు అన్న.

"రేపు నువ్వెళ్ళి అడుగు."

"బండి నీ దగ్గరుంది."

"దెబ్బలాడే నోరు నీ దగ్గరుంది."

చివరికి బండీ నోరూ కలిసే వెళ్ళాలని తేలింది.

"ఎలాగూ వేళైంది, తినే వెళ్ళు," అన్నాడు తండ్రి చిన్నకొడుకుతో. "క్యాబేజీ ఉంది."

తమ్ముడు తరిగాడు. అన్న పొయ్యి దగ్గర నిలబడ్డాడు. కొట్టతనితో ఎలా మాట్లాడాలో చెప్పుకుంటూ ఉండగా కూర మళ్ళీ అడుగంటింది. అన్న గరిటె పట్టుకుని తలొంచుకున్నాడు. తమ్ముడు మాట్లాడకుండా తిని, మారు వడ్డించుకున్నాడు.

గిన్నెలు కడగడం అయ్యాక తమ్ముడు పైకి వెళ్ళాడు. అన్న దీపాలార్పుకుంటూ వస్తుంటే తండ్రి గది తలుపు ఓరగా ఉంది. లోపల ఎవరో మాట్లాడుతున్నారు. తొంగి చూశాడు. తండ్రి అటు తిరిగి మంచం మీద కూర్చున్నాడు. ఫోను చెవికి ఆనించుకున్నా, చెవి సరిగ్గా వినపడని మనిషి కావడంతో శబ్దం గది దాటి వస్తోంది.

"రికార్డింగా? ఇప్పుడా? ముందు ఆ మంట తగ్గించండి... అయ్యో, మాడనే మాడింది. పిల్లల్ని పిలవండి. అందరూ ఏమీ అనకుండా తినేయండి."

అమ్మ గొంతు. ముక్కలూ చెక్కలూ లేకుండా, మొత్తం.

తండ్రి మళ్ళీ మొదటినుంచి పెట్టుకున్నాడు. అన్న అది కూడా ఆసాంతం విన్నాడు. తర్వాత ఆ తలుపు దగ్గరికి వేసి, కళ్ళు తుడుచుకుని, మెట్లెక్కి పై తలుపు దాకా వచ్చాడు.

"అన్నయ్యా," లోపలినుంచి తమ్ముడు పిలిచాడు. "ఆ మూడోది రేపు దొరుకుతుందంటావా?"

"ఒక్కరోజులో తేలేది కాదురా. దొరికేదాకా రోజూ రాత్రి నువ్వు కిందికి రావాల్సిందే," అని అన్న మెట్ల తలుపు చప్పుడు కాకుండా మూశాడు. గడియ పెట్టలేదు.