రెండో నంబరు

"తప్పుకోరా! లేకపోతే ముందు నీ తలకాయ పగులుతుంది" అన్నాడు వైండరు, సమ్మెట భుజానికెత్తి.

"తప్పుకోను బావా" అన్నాడు పెయింటరు.

టెస్టింగ్ షెడ్డులో రెండు ట్రాన్స్‌ఫార్మర్లు పక్కపక్కన నిలబెట్టి ఉన్నాయి. ఒకటి ఈ సర్కారు ఫ్యాక్టరీది, ఇంకొకటి ప్రైవేటు కంపెనీది. ఏది ఎవరిదో పరీక్షించే ఇంజనీరుకు తెలియకూడదని నేమ్‌ప్లేట్లు ఊడబీకి, సుద్దముక్కతో ఒకటి, రెండు అని రాశారు. పరీక్ష తేలకముందే "ఇది మాది" అని ఎవరి నోరైనా జారిందా, వాళ్ళు పోటీలోంచి ఔట్. మధ్యాహ్నం మూడింటికి పరీక్షకు నిలబడలేకపోయినా ఔటే. నెగ్గినవాళ్ళకు విద్యుత్ బోర్డు ఆర్డరు. ఓడితే ఈ ఫ్యాక్టరీకి తాళం. ఆ ముక్క గేటు మీద నోటీసు అంటించి మరీ చెప్పారు.

బోర్డు ఇచ్చిన డ్రాయింగు ఒకటే కాబట్టి రెండూ కవల పిల్లల్లా ఉన్నాయి. తేడా అంతా రంగులోనే. ఒకటో నంబరు మొహం కడుక్కోనట్టు మాసి, కారిన పెయింటు చారలతో ఉంది. రెండో నంబరులో చూసి తల దువ్వుకోవచ్చు.

ఏది ఎవరిదో వైండరుకు ఒకరు చెప్పాలా? ఇక్కడ కాయిలు చుట్టడంలో ఇరవై ఆరేళ్ళ సర్వీసు. సగం దేశానికి దీపాలు వెలిగిస్తూ ఎనిమిది వేల మంది షిఫ్టుల్లో పనిచేసిన రోజుల్లోనే ఈ ఫ్యాక్టరీ సరుకు ఒక్క కోటింగు రంగుకు మించి ఎరగదు. ఇప్పుడు మిగిలింది మూడువందల మంది. పైకప్పు రేకుల్లోంచి ఆకాశం కనబడుతోంది. ఇలాంటి చోట ఇంత సోకు ఎక్కడినుంచి వస్తుంది?

"మూడు రోజులుగా పెయింటింగ్ సెక్షన్లో లేవు. ఎక్కడ చచ్చావ్?"

పెయింటరు రెండో నంబరుకు అడ్డంగా ఇంకాస్త జరిగాడు.

"నే చెప్పనా? వాళ్ళ కంపెనీలో ఉద్యోగం ఇస్తామన్నారు. వెళ్ళి దీనికి రంగేసి వచ్చావు. ఆ నునుపు చూస్తే తెలీదట్రా నాకు? నీ చెయ్యి కాక ఇంకెవడి చెయ్యి అది?"

పెయింటరు అవుననలేదు, కాదనలేదు. ఓరగా కుర్చీ వైపు చూశాడు. అక్కడ కంపెనీ తరఫున వచ్చిన టైబాబు కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు. పెయింటరు బావకు కళ్ళతో ఏదో సైగ చేశాడు.

"నాకే కన్ను కొడుతున్నావా? నన్ను కూడా అమ్ముడుపొమ్మంటున్నావా? బామ్మర్ది బతక కోరతాడంటారు. నువ్వు నా కొంపకే నిప్పెట్టావు కదరా, దొంగ వెధవా!"

సమ్మెట కర్ర గిర్రున తిరిగి పెయింటరు మోకాలి మీద పడింది. ఎముక చప్పుడు తలుపు దగ్గర కాపలా ఉన్న ఫ్యాక్టరీవాళ్ళిద్దరికీ వినబడింది. వాళ్ళు మొహాలు తిప్పుకున్నారు. పెయింటరు కూలబడి, రెండో నంబరును రెండు చేతులా వాటేసుకున్నాడు.

"చెప్పు, ఇదెవడిది?"

"నాకు తెలీదు బావా."

బూటుకాలితో మూతి మీద తన్నాడు. పన్ను ఊడి సిమెంటు మీద పడింది.

"ఎవడిదిరా?"

"తెలీదు."

"మీ అక్క మొహం చూసి ఊరుకుంటాననుకోకు! రేపు గేటు పడితే అది ఏం వండుతుంది? పిల్లలేం తింటారు? మూడువందల పొయ్యిలు ఆరిపోతాయిరా!"

అంటూనే భుజం మీద ఇంకొక దెబ్బ వేశాడు. ఈసారి చేతులు వాటంతట అవే పట్టు వదిలేశాయి. జుట్టు పట్టి పక్కకు ఈడ్చాడు. గచ్చు మీద ఎర్రటి చార పడింది. టైబాబు మాత్రం కుర్చీలోంచి లేవలేదు. వాడికి భయంతో కాళ్ళాడడం లేదనుకున్నాడు వైండరు.

"వద్దు బావా, నీ కాళ్ళు పట్టుకుంటా!"

వైండరు వినిపించుకోలేదు. రెండో నంబరు నెత్తిన కొమ్ముల్లా ఉన్న పింగాణీ బుషింగుల మీద సమ్మెట దించాడు. ఒకటి, రెండు, మూడు. పెంకులు ఎగిరి అతని చెంపే కోశాయి. అయినా ఆగలేదు. పక్కనున్న ఆయిలు గొట్టాలను చితక్కొట్టాడు. నూనె బుసబుసా పొంగి, పెయింటరు నెత్తుటిలో కలిసి పారింది.

ఆ చప్పుడుకు, భోజనానికి వెళ్ళిన ఇంజనీరు ఎంగిలి చేత్తోనే పరుగెత్తుకొచ్చాడు.

"ఎవడ్రా ఈ పని చేసింది?"

"నేనే సార్. నేనొక్కణ్ణే. మా ఫ్యాక్టరీకి సంబంధం లేదు. పోలీసుల్ని పిలుచుకోండి, జైలుకి పోతా." వైండరు ఎగశ్వాసతో నవ్వాడు. "కానీ రూలు రూలే. నిలబడనిది ఓడినట్టే కదా?"

ఇంజనీరు నూనె మడుగును, గడియారాన్ని చూశాడు. పగిలిన బుషింగులు మూడింటికి కాదు కదా, మూడు వారాలకు కూడా దొరకవు. జేబులోంచి కాగితం తీశాడు.

"రూలు ప్రకారం అంతే. ఆర్డరు ఒకటో నంబరుకి" అని సంతకం పెట్టేశాడు.

"గెలిచాంరోయ్!" వైండరు సమ్మెట గిరాటేసి అరిచాడు. కళ్ళనీళ్ళు ధారలు కట్టాయి. తలుపు దగ్గరివాళ్ళు పరుగెత్తుకొచ్చి అతన్ని ఎత్తుకున్నారు. "జైలైతే ఏంట్రా! పిల్లలు బతుకుతారు!"

నూనెలో పడున్న పెయింటరు మోచేతుల మీద లేచి నెత్తురు ఉమ్మాడు.

"సార్... ఇంక నోరు విప్పొచ్చా?"

"సంతకం అయిపోయిందిగా. చెప్పు" అన్నాడు ఇంజనీరు.

పెయింటరు బావ వైపు తిరిగాడు.

"ఆ మూడు రోజులూ మన గోడౌన్లోనే కోటింగు మీద కోటింగు వేశా బావా. దాని పైన రంగే నాది. లోపల కాయిలు నువ్వు చుట్టినవే."