అందరికీ ఒకే పువ్వు

"మగమనిషి లోపలికొస్తున్నాడు!" అని కేకేసింది లొరేన్.

కొట్టే మొగుళ్ళ నుంచి పారిపోయి వచ్చిన ఆడవాళ్ళు తలదాచుకునే ఇల్లది. అమెరికాలోని నెబ్రాస్కా రాష్ట్రంలో ఓ చిన్న ఊరు. కుళాయి బాగుచేసేవాడొచ్చినా సరే, ముందు ఆ కేక పడాల్సిందే. ఆ ఇంటిని నడిపేది లొరేన్.

వచ్చింది వెర్నన్. ముసలాయన. ఆ ఇంట్లో ఉన్న ఒక్క కంప్యూటర్‌నూ డబ్బు తీసుకోకుండా చూసిపెడుతుంటాడు. మాట తక్కువ మనిషి.

ఆయన పని ముగించి సంచి సర్దుకుంటుంటే డెల్లా వచ్చి కంప్యూటర్ ముందు కూర్చుంది.

"నా పిల్ల ఫోటో ఏదీ?" అని అరిచింది.

ఆ కంప్యూటర్‌లో ఒక్కొక్కరికీ ఒక ఖాతా. పేరు పక్కన ఎవరికి నచ్చిన బొమ్మ వాళ్ళు పెట్టుకున్నారు. డెల్లా నిన్ననే కూతురి ఫోటో పెట్టుకుంది. ఇప్పుడు చూస్తే అందరి పేర్ల పక్కనా ఒకటే పొద్దుతిరుగుడు పువ్వు.

"నేనే తీసేశానమ్మా. ఇక ఎవరూ మార్చకుండా బిగించాను కూడా," అన్నాడు వెర్నన్.

"నిన్నెవడు అడిగాడు ముసలాయనా?"

"ఆ ఫోటో ఇక్కడితో ఆగదు. మీ ఇంట్లో వదిలేసి వచ్చిన టాబ్లెట్‌లోనూ ఇదే ఖాతా ఉందన్నావు కదా. ఇక్కడ మారిస్తే అక్కడా మారుతుంది."

"మా ఆయన చూస్తాడనా? వాడికి కాఫీ మిషన్ నొక్కడమే చేతకాదు!"

వంటింట్లో ఎవరో కిసుక్కున నవ్వారు. వెర్నన్ నవ్వలేదు.

"ఫోటోలో పాప వెనకాల ధాన్యం గోదాం పడింది. దాని మీద ఈ ఊరి పేరుంది."

డెల్లా కళ్ళు నిండాయి.

"కట్టుబట్టలతో వచ్చాను లొరేన్. ఇక్కడికొచ్చాకే నా పిల్ల నవ్వడం మొదలెట్టింది. ఆ నవ్వు కూడా నాకు లేకుండా చేస్తారా?"

లొరేన్ డెల్లాని దగ్గరికి తీసుకుంది. కోపంగా వెర్నన్ వైపు తిరిగింది.

"వీళ్ళు ఇన్నేళ్ళూ మగాడు చెప్పినట్టే బతికారు. ఇక్కడ కూడా మగాడే చెప్పాలా వెర్నన్? ఆ బిగింపు తీసేయండి."

"తియ్యను."

"అయితే ఇక మీరు రానక్కర్లేదు."

వెర్నన్ ఏదో చెప్పబోయాడు. మళ్ళీ ఏమనుకున్నాడో, సంచి భుజానేసుకుని వెళ్ళిపోయాడు.

లొరేనే కూర్చుని బిగింపు తీసింది. డెల్లా ఫోటో మళ్ళీ పెట్టుకుంది. అందరూ చప్పట్లు కొట్టారు.

ఆదివారం పొద్దున డెల్లా వాకిట్లో మంచు తోస్తుంటే ఒక పికప్ బండి వచ్చి ఆగింది. తుపాకీ మోతకి వీధంతా లేచింది. డెల్లా మంచులో పడి మళ్ళీ లేవలేదు. పాప లోపల పాన్‌కేక్ తింటూ ఉండబట్టి బతికింది.

పోలీసు షెరీఫ్ డెల్లా మొగుడి బండిలోంచి టాబ్లెట్ తీసి లొరేన్‌కి చూపించాడు. తెర మీద పాప నవ్వుతోంది, వెనకాల గోదాం.

చేతులు కాలాక ఆకులు పట్టుకుని ఏం లాభం? అయినా లొరేన్ వెర్నన్ ఇల్లు వెతుక్కుంటూ వెళ్ళింది. గుమ్మంలోనే భోరుమంది.

"మీరు చెప్పినట్టే అయింది. డెల్లాని నా చేతులతో చంపుకున్నాను."

వెర్నన్ ఆమెని కుర్చీలో కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చాడు. లొరేన్ చూపు గోడ మీదున్న ఓ అమ్మాయి ఫోటో మీద పడింది.

"మీకెలా తెలుసు ఇలా అవుతుందని? మీ ఇంట్లో కూడా... కూతురా?"

"కోడలు. ఇలాంటి ఇంట్లోనే దాక్కుంది. ఇలాగే ఫోటో పెట్టుకుంది."

"ఆ మాట ఆ రోజే చెప్పి ఉంటే వినేదాన్ని కదా వెర్నన్!"

"అంతా చెబితే మీరు నన్ను గుమ్మం ఎక్కనిచ్చేవారా?"

లొరేన్ అర్థం కానట్టు చూసింది.

వెర్నన్ తల దించుకుని అన్నాడు: "ఆ ఫోటో చూసి, వెతుక్కుంటూ వెళ్ళి, నా కోడలిని చంపినవాడు నా కొడుకే."