చివరి ఇంటి నల్లా

అక్షరాలు నాకు ఆలస్యంగా వచ్చాయి. ఒత్తులు, దీర్ఘాలు ఎక్కడైనా తప్పితే మీరే సరిచేసుకుని చదవండి. ఇంత చిన్న కథ రాయడానికే నాకు చాలా రోజులు పట్టింది. దానికీ ఏమీ అనుకోకండి.

"నా నల్లా మీద చెయ్యెయ్యకు జంపక్కా," అన్నాడు దూలయ్య, మంచం మీద నుంచి లేవకుండానే.

జంపక్క అప్పటికే పానా బిగించింది. నీళ్ళు వదిలే రవీందర్ వాల్వు కట్టేసి పోయాడు. మళ్ళీ రేపు పొద్దున అతను వాల్వు తిప్పేలోగా ఈ పని అయిపోవాలి.

"కట్టేసినా కారుతది, తిప్పినా కారుతది నీ నల్లా. గుంపుల అందరియి బాగుచేసిన దూలన్నా. నీదొక్కటే మిగిలింది."

"కారితే కారనియ్యి. నీ సొమ్మేం పోతున్నది?"

"నా ఇంటికి చుక్క రాకపాయె. మీ నీళ్ళన్నీ మోరీ ఎంబడి వాగుల పడుతున్నయి. పైనున్నోళ్ళు గిట్ల ఇడిచిపెడితే కిందున్న నాకు ఏమొస్తది?"

ఆ గుంపులో, అంటే ఆ చిన్న గూడెంలో, జంపక్కది చివరి ఇల్లు. పల్లంలో, వాగు పక్కన. అందరికీ నిలబెట్టినట్టే ఆమె ఇంటి ముందూ నల్లా నిలబెట్టారు గానీ అది ఒక్కనాడూ తడవలేదు. పై ఇళ్ళ నల్లాలు కారడం ఆగితే నీళ్ళు తన దాకా దిగుతాయని ఆమె నమ్మకం. అందుకే ఇల్లిల్లూ తిరిగి వాషర్లు మారుస్తోంది.

నల్లా తల విప్పి చూసింది. లోపల వాషర్ లేదు. గుండ్రంగా కోసిన హవాయి చెప్పు ముక్క ఉంది.

"గిదేంది దూలన్నా, నల్లాకు చెప్పు తొడిగినవు?"

"నా కాలికి పనికిరాకపాయె. దానికన్న పనికొస్తదని."

"మెత్తది గిది, గట్టిగ తిప్పితే నలిగిపోతది. తోలుది ఏద్దామంటే సగం దినం నీళ్ళుండయి, ఎండి ముడుసుకపోతది. గీ గట్టి రబ్బరుదే మనకు ఆగేది. దీనికోసం ములకలపల్లికి రెండుసార్లు తిరిగిన. మొదటిసారి దుకాణపోడు పెద్ద సైజుయి అంటగట్టిండు."

"ఎందుకే నీకింత తండ్లాట? వాగుల అందరి చెలిమలు ఎండినయి. నీ చెలిమ ఒక్కటే ఊరుతున్నది కద."

"అవ్, అది వాగు తల్లి దయ. కానీ ఆ నీళ్ళు పోస్తే పసిపిల్లకు ఒళ్ళంత పొక్కులొస్తున్నయి. రేపటిదాకనే చూస్త అన్నది మా కోడలు శ్యామల. నల్లా రాకపోతే పిల్లనెత్తుకొని బూర్గంపాడు పోతదట, తల్లిగారింటికి. పోతే మళ్ళ రాదు."

దూలయ్య లేచి వచ్చి, పైపు కదలకుండా రెండు చేతులతో పట్టుకున్నాడు.

ఆ సాయంత్రం జంపక్క వాగులో దిగి, ఇసుకలో తవ్వుకున్న చెలిమ పక్కన కూర్చుంది. కొబ్బరిచిప్పతో తోడితే సగం బురదే వచ్చింది. నాలుగు రోజులుగా ఇదే వరస. ఎండలు ముదిరాయి కదా అనుకుంది. బిందె నిండేసరికి చీకటి పడింది.

"ఇన్ని దినాలు సాదినవు తల్లీ. రేపటి సంది నీకు పని చెప్ప," అని చెలిమకు దండం పెట్టి ఇంటికి వచ్చింది.

తెల్లారింది. రవీందర్ వాల్వు తిప్పాడు. పైన ఒక్క నల్లా కూడా కారలేదు. కింద, గడప మీద శ్యామల పిల్లను ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. పక్కన బట్టల మూట ఉంది.

జంపక్క నల్లా తిప్పింది. నీళ్ళు రాలేదు. గాలి కూడా రాలేదు.

రవీందర్‌ను పిలుచుకొచ్చింది. అతను పైపును తట్టి చూశాడు. గడ్డపార అడిగి తీసుకుని, నల్లా మొదలు దగ్గర నాలుగు పోట్లు పొడిచాడు. తవ్వడం ఆపేసి అలాగే నిలబడ్డాడు.

"పెద్దమ్మా, గిది దేనికీ కలపలే."

"కలపలే అంటే?"

"పైపు జానెడే ఉన్నది. కింద లైనే లేదు. ఉత్తగ మట్టిల పాతిండ్రు."

"మరి నల్లా ఎందుకు నిలబెట్టిండ్రు కొడుకా?"

"సార్లు ఫోటో దిగనీకి కావచ్చు," అన్నాడు రవీందర్, నేల చూస్తూ. "నేను మొన్ననే పనిల చేరిన. నాకు తెల్వదు పెద్దమ్మా."

శ్యామల లేచి మూట చంకలో పెట్టుకుంది.

"మీ కొడుకు ఫోన్ చేస్తే చెప్పు అత్తా."

"ఇయ్యాలొక్క దినం ఆగరాదు బిడ్డా."

"ఆగితే ఏమొస్తది? నువ్వే చెప్పు."

జంపక్క మనుమరాలి చేతి మీది పొక్కులను వేలితో మెల్లగా తాకింది.

"ఎండల పోతున్నరు. దారిల తాగనీకి సీసాల నీళ్ళన్న పోసిస్త. అందాక ఆగు."

శ్యామల ఆగింది. ఆ కాస్త సేపైనా పిల్ల ఇంట్లో ఉంటుంది కదా అని జంపక్క సీసా, చిప్ప పట్టుకుని వాగులోకి దిగింది.

చిప్ప చెలిమలో పెడితే గరగరమంది. పైకి తీస్తే పొడి ఇసుక. చేత్తో తవ్వింది. మోచేయి దాకా తవ్వింది. చెయ్యి తడవలేదు.

తలెత్తి చూసింది. గుంపులోంచి దిగే మోరీ కాలువ సరిగ్గా చెలిమకు ఎగువనే ఇసుకలో కలుస్తుంది. ఎండాకాలంలోనూ నాచు పట్టి, ఎప్పుడూ తడితడిగా ఉండే ఆ మోరీ ఇవాళ తెల్లగా ఎండి, పగుళ్ళు తేలి ఉంది.

గట్టు మీద నుంచి దూలయ్య సంబరంగా కేకేశాడు.

"జంపక్కా, నువ్వేసిన వాషర్ బలే గట్టిది. ఒక్క చుక్క గూడ కిందికి పోతలేదు."

సోయం ప్రమీల
అరవై మూడేళ్ళు
ఇప్పుడు ఉండేది వైరాలో