అనుబంధ ప్రశ్న

“‘మంత్రిగారి దగ్గు తగ్గిందా?’ నిండు సభలో నువ్వు అడగాల్సిన ప్రశ్నేనా ఇది?” గ్రీర్ చేతిలోని పేపరును బల్లమీద పడేసింది.

ఎడిన్‌బరోలోని స్కాట్లాండ్ పార్లమెంటులో ఆమె ప్రతిపక్ష నాయకురాలు. ఎదురుగా తల దించుకుని నిలబడ్డ మోర్నా ఆ పార్టీకి మత్స్యశాఖ ప్రతినిధి. ప్రభుత్వంలోని ఒక్కో మంత్రికీ ఎదురుగా ఒక్కో ప్రతినిధిని నిలబెట్టి, ప్రశ్నలతో ఉతికి ఆరేయించడం ప్రతిపక్షం పని. మోర్నా ఏడాదిగా ఉతికిందీ లేదు, ఆరేసిందీ లేదు.

“ముందు చేపల కోటా గురించి అడిగాను కదా. ఆ తర్వాతే ఇది,” అంది మోర్నా.

“అడిగావమ్మా! ఆయన తప్పుడు లెక్క చెబితే పట్టుకోకుండా దగ్గు గురించి అడిగావు. పీటర్‌హెడ్ జాలర్లు పొద్దుట్నించీ నాకు ఫోన్లు చేసి తిడుతున్నారు. పేపరువాడు ఏం రాశాడో తెలుసా? ‘ప్రతిపక్షానికి జలుబు చేసింది’ అని!”

కిటికీ దగ్గర టీలో బిస్కెట్టు ముంచుకుంటున్న డూగల్ కిసుక్కున నవ్వాడు. ఆయన పార్టీ విప్. ఇలాంటి అక్షింతలు ముప్పయ్యేళ్లుగా చూస్తున్నవాడు.

“నువ్వు నవ్వకు డూగల్. కొత్త ప్రతినిధుల జాబితా రేపు పేపర్లలో వస్తుంది. మోర్నా, ఇక నీకు నడకదారులు, సైకిలుదారులు.”

ఆ శాఖ సంగతి అందరికీ తెలిసిందే. పదవిలోంచి పంపేయడం బాగుండదనుకున్నవాళ్లని దానికి పంపుతారు. అధికార పక్షంలోనూ అంతే. ప్రస్తుతం ఆ మంత్రి రిటైర్మెంటుకి రోజులు లెక్కపెట్టుకుంటున్న ఒక పెద్దావిడ.

మోర్నా ఒక అడుగు ముందుకొచ్చింది. “గ్రీర్, నువ్వేం చెయ్యమన్నా చేస్తాను. ఆయన్ని చీల్చి చెండాడమంటే అదీ చేస్తాను. ఈ శాఖ మాత్రం మార్చకు. బతిమాలుకుంటున్నాను.”

“ఆ మత్స్యశాఖ మంత్రి రోరీ మీ అన్నయ్యని తెలిసే నీకిచ్చాను ఈ పని. ఎదుటి పార్టీలో చేరావని నిన్ను గడప తొక్కనివ్వని మనిషి కదా, కసి కొద్దీ నిప్పులు చెరుగుతావనుకున్నాను. నాదే పొరపాటు.”

“కసి కోసం ఒప్పుకోలేదు నేను.”

“మరి దేనికి?”

మోర్నా ఒక్కసారిగా చెప్పేసింది.

“ఫోన్ చేస్తే ఎత్తడు. ఉత్తరం రాస్తే తిప్పి పంపేస్తాడు. అమ్మని గోతిలోకి దింపిన రోజు పెట్టెకి తల వైపు తాడు తనది, కాళ్ల వైపు తాడు నాది. ఎదురెదురుగా నిలబడ్డాం. ఒక్క మాట మాట్లాడలేదు. ఐదేళ్లయింది గ్రీర్! సభలో నేను ప్రశ్న వేస్తే మాత్రం లేచి జవాబు చెప్పక తప్పదు. సభాధ్యక్షురాలి వైపు చూసే చెబుతాడులే. నన్ను ‘గౌరవ సభ్యురాలు’ అంటాడు. అయినా అది మా అన్నయ్య గొంతే కదా. నెలకి రెండు నిమిషాలు. ఆ రెండు నిమిషాల కోసమే బార్రా దీవి నుంచి పడవెక్కి వస్తున్నాను.”

డూగల్ బిస్కెట్టు టీలో విరిగి పడింది. ఆయన దాని వంక చూడలేదు.

గ్రీర్ కళ్లజోడు తీసింది. “ప్రశ్న ఎవరైనా వేయొచ్చుగా?”

“చీటీల్లో పేరు రావాలి. నాకు మూడేళ్లలో రెండుసార్లొచ్చింది. ప్రతినిధికైతే మంత్రి జవాబు మీద అనుబంధ ప్రశ్న ఖాయం.”

“నా మనసు రాయి కాదు మోర్నా,” గ్రీర్ గొంతు తగ్గింది. “కానీ ఆ జాలర్ల తరఫునా ఎవరో ఒకరు అడగాలి కదా. నువ్వే చెప్పు.”

మోర్నా తండ్రీ, తాతా వలలేసి బతికినవాళ్లే. నడకదారుల ఫైలు తీసుకుని బయటికి వచ్చేసింది.

మర్నాడు పేపర్లో జాబితా వచ్చింది. మోర్నా పేరు అట్టడుగున ఉంది. ఆ శనివారం, ఆదివారం ఆమె ఇల్లు కదలలేదు. ఇక అన్నయ్య గొంతు వినే దారే లేదు.

బుధవారం మధ్యాహ్నం రెండు కావస్తోంది. సభ తలుపు దగ్గర డూగల్ ఎదురొచ్చాడు.

“అమ్మాయ్, విన్నావా? పొద్దున నీ శాఖ మంత్రిని మార్చారట.”

“ఎవరైతే నాకేం డూగల్?” అంటూ ఆగకుండా లోపలికి వెళ్లిపోయింది.

కూర్చున్నాక మంత్రుల వరుస వైపు చూడబుద్ధి కాలేదు. చూస్తే అన్నయ్య కనబడతాడు. ఇక తనతో మాట్లాడాల్సిన పని లేని అన్నయ్య. అధ్యక్షురాలు పేరు పిలవగానే లేచి, కాగితం మీంచి కళ్లెత్తకుండా చదివేసింది.

“ఓబన్ రోడ్డు పక్కన సైకిలుదారి ఎప్పటికి పూర్తవుతుందో మంత్రి చెప్పగలరా?”

ఎదుటి వరుసలో ఎవరో లేచిన చప్పుడైంది. జవాబులో మొదటి మాటకే మోర్నా తల ఎత్తింది.

“అధ్యక్షా, కొత్త బాధ్యత తీసుకున్న గౌరవ సభ్యురాలికి స్వాగతం. నేనూ ఈ శాఖకి కొత్తే,” అన్నాడు రోరీ, అధ్యక్షురాలి వైపు కాకుండా నేరుగా చెల్లెలి వైపు చూస్తూ. “మత్స్యశాఖ వదులుకుని, పొద్దున దీన్ని నేనే అడిగి తీసుకున్నాను.”